సూసన్న వెంట నడచినవారు



ఈ వారం మీ కుటుంబ ప్రార్థనలో దానియేలు గ్రంథం 13వ అధ్యాయాన్ని చదవవలసిందిగా మొదటనే మనవి చేస్తున్నాను. కతోలిక బైబులులో ఉన్న ఈ అధ్యాయం ఇతర సంఘాలవారి బైబుళ్ళలో సాధారణంగా కనబడదు. కనుక పక్కింటివారి పుస్తకంలో వెదకి, ఫాదరుగారు సంఖ్య తప్పు చెప్పారని అనుకోకండి.

కథ మీలో పెద్దలకు తెలిసినదే. బబులోనులో యోవాకీము అనే గౌరవనీయుని భార్య సూసన్న. దైవభీతి గల ఇల్లాలు. న్యాయాధిపతులుగా ఉన్న ఇద్దరు పెద్దమనుషులు ఆమెపై చెడుకన్ను వేశారు. ఆమె తోటలో ఒంటరిగా ఉన్న సమయం చూచుకొని, తమ మాట వినాలనీ, వినకపోతే పరపురుషునితో ఉండగా చూచామని ఊరంతటికీ చెబుతామనీ బెదిరించారు. ఆమె లొంగలేదు. మరునాడు వారు అన్నంత పనీ చేశారు. సభలో కూర్చున్నవారిలో ఒక్కరైనా ఎదురు ప్రశ్న వేయలేదు. చెప్పినవారు పెద్దలు, పైగా న్యాయాధిపతులు, కాబట్టి నిజమే అయి ఉంటుందని నమ్మి ఆమెకు మరణశిక్ష ఖాయం చేశారు.

మాట వినకపోతే నీ ఫోటో గ్రూపులో పెడతానని నేడు ఒక కుర్రవాడు తోటి విద్యార్థినిని బెదిరిస్తే, ఆ బెదిరింపుకూ తోటలోని ఆ బెదిరింపుకూ తేడా ఏమున్నది? పెద్దమనుషుల నోటిమాటకు బదులు ఇప్పుడు ఫోను వచ్చింది, అంతే. సభ కూడా మారలేదు. అప్పుడు జనమంతా ఒకచోట చేరి విన్నారు. ఇప్పుడు ఎవరి ఇంట్లో వారు, మంచం మీద పడుకొని, ఒక్కొక్కరుగా చూస్తున్నారు.

దీనిని సైబర్ బుల్లీయింగ్ అంటున్నారు. మన మాటలో చెప్పుకోవాలంటే, ఫోను చాటున నిలబడి సాటి పిల్లలను పదే పదే ఏడిపించడం. నల్లగా ఉన్నావని, లావుగా ఉన్నావని, నత్తిగా మాట్లాడతావని, కులం పేరు పెట్టి, తండ్రి చేసే పని పేరు పెట్టి గేలి చేయడం. ఒకరి పేరుతో దొంగ ఖాతా తెరచి దానినుండి చెడ్డ మాటలు పంపడం. తరగతి అంతా ఉన్న వాట్సాప్ గ్రూపులోనుండి ఒక్కరినే తీసివేసి, ఆ సంగతి ఆ పిల్లకు తెలిసేటట్లు చేయడం. ఫోటోలోని ముఖాన్ని కోసి వేరొక దేహానికి అతికించడం. ఒకప్పుడు ఈ చివరి పనికి కొంత నేర్పు కావలసివచ్చేది. ఇప్పుడు కృత్రిమ మేధ పుణ్యమా అని (పుణ్యం అనే మాట ఇక్కడ వాడవలసి రావడం బాధగానే ఉన్నది) పదవ తరగతి పిల్లవాడు కూడా నిమిషంలో చేయగలడు.

పిల్లలు ఒకరినొకరు ఆటపట్టించుకోవడం ఏనాడూ ఉన్నదే కదా అని కొందరు తల్లిదండ్రులు అంటారు. నిజమే. ఆటపట్టించినప్పుడు ఇద్దరూ నవ్వుతారు. ఒకరు నవ్వుతూ, ఒకరు ఏడుస్తూ, ఏడ్చేవారు ఆపమన్నా ఆగకుండా మళ్ళీ మళ్ళీ సాగుతుంటే అది ఆట కాదు. ఇంకొక సంగతి. మన కాలంలో బడిలో ఎవరైనా ఏడిపిస్తే చివరి గంట కొట్టేవరకే. ఇల్లు చేరితే అమ్మ వెనుక దాక్కోవచ్చు. ఇప్పుడు ఏడిపించేవాడు పిల్లవాడి దుప్పటిలోకే వస్తున్నాడు. అర్ధరాత్రి కూడా ఫోను మూలుగుతుంది. కొట్టినవాడు ఎవరో ముఖం కనబడదు. దెబ్బ మాత్రం వందమంది చూస్తారు. చూచినవారిలో ఎవరు దాచుకున్నారో, ఎప్పుడు మళ్ళీ బయట పెడతారో తెలియదు.

16వ శతాబ్దంలో రోము నగరంలో జీవించిన పునీత ఫిలిప్పు నేరి గారిని గురించి ఒక కథ చెప్పుకుంటారు. చాడీలు చెప్పే అలవాటున్న ఒకామె పాపసంకీర్తనానికి వచ్చినప్పుడు, కోడి ఈకలు పీకుతూ వీధి వెంట నడచి రమ్మనీ, తరువాత ఆ ఈకలన్నీ ఏరుకొని రమ్మనీ ఆయన ప్రాయశ్చిత్తం విధించారట. ప్రొద్దుటూరు వారికి కోడి ఈకలు అక్కరలేదు. పత్తి వ్యాపారం ఎరిగిన ఊరు మనది. ఎండాకాలపు సుడిగాలిలో విప్పిన దూది బస్తాను తలచుకుంటే చాలును. ఫోనులో ‘ఫార్వర్డ్’ అనే గుర్తు మీద వ్రేలు పెట్టడమంటే ఆ బస్తా మూతి విప్పడమే.

2019లో యూనిసెఫ్ సంస్థ 30 దేశాలలోని యువతను అడిగితే, ముగ్గురిలో ఒకరు తాము ఇటువంటి వేధింపుకు గురి అయ్యామన్నారు. ఐదుగురిలో ఒకరు దాని కారణంగా బడి మానుకున్నామన్నారు. అదే సంవత్సరం సమాచార సాధనాల దినోత్సవ సందేశంలో పోపు ఫ్రాన్సిస్ గారు కూడా యువతలో నలుగురిలో ఒకరు ఈ వేధింపుల చక్రంలో చిక్కుకొని ఉన్నారని ఆవేదన చెందారు. వీరంతా ఎక్కడో దూరదేశాలవారని అనుకోవద్దు. 2024 జూలైలో మన తెలుగునాట ఏమి జరిగిందో గుర్తు తెచ్చుకోండి. ఒక తండ్రి, ఆయన చిన్నారి కుమార్తె కనబడే వీడియోను తీసుకొని, ఒక యూట్యూబరు తన స్నేహితులతో కూర్చొని, చెప్పరాని మాటలతో హాస్యం చేశాడు. తండ్రీబిడ్డల అనుబంధాన్నే మురికిచేసి, నవ్వుకున్నారు. నటుడు సాయి ధరమ్ తేజ్ గారు ఆ సంగతిని బహిరంగంగా ప్రశ్నించి, ఉభయ రాష్ట్రాల పెద్దల దృష్టికి తెచ్చారు. తెలంగాణ సైబర్ సెక్యూరిటీ బ్యూరో వారు పిల్లల రక్షణ చట్టమైన పోక్సోను కూడా చేర్చి కేసు పెట్టి, అతనిని బెంగుళూరులో అరెస్టు చేశారు. కేసు సంగతి న్యాయస్థానం చూచుకుంటుంది. నాకు గుచ్చుకున్నది వేరే. ఒక్కరి నోట ఆ మాట రాగానే పక్కనున్నవారు ‘ఛీ, ఆపరా’ అనలేదు, నవ్వారు.

బబులోను సభ అదే. నిందవేసినవారు ఇద్దరే. నమ్మి, నవ్వి, చూస్తూ కూర్చున్నవారు ఊరంతా.

ఆ సభలో జరిగిన ఇంకొక చిన్న విషయాన్ని చాలామంది గమనించరు. సూసన్న ముసుగు వేసుకొని వచ్చింది. ఆ దుర్మార్గులు ఆమె అందాన్ని చూచుకోవడానికి ముసుగు తీయించారు. నేరం నిరూపించడానికి ముసుగుతో పనేమిటి? ఒక ఆడపిల్ల ఫోటో ఊరంతా తిరుగుతున్నప్పుడు, ‘అయ్యో పాపం, ఎవరమ్మాయో చూడండి’ అంటూ దానిని పదిమందికి పంపే పెద్దవారు ఈ మాటను ఆలోచించుకోవాలి. పంపినవారు జాలితో పంపినా, జరిగేది ముసుగు తీయడమే.

ఇక మన సీమ సంగతి. పులివెందుల, జమ్మలమడుగు ప్రాంతాలు ఫ్యాక్షనుకు ఎంత మూల్యం చెల్లించుకున్నాయో నేను మీకు చెప్పనక్కరలేదు. ఒక మాట పడినందుకు, ఒక పరువు పోయిందని అనుకున్నందుకు, తరతరాలు కత్తులు పట్టిన ఊళ్ళున్నాయి. ఆ బాంబుల రోజులు వెనుకబడ్డాయని సంతోషిస్తున్నాము. కాని ఆ పగల లోపలి బుద్ధి పిల్లల ఫోనుల్లో మొలకెత్తడం లేదా? మా హీరో, మీ హీరో, మా నాయకుడు, మీ నాయకుడు, మనోళ్ళు, వాళ్ళు. కామెంట్లలో మొదలైనది సాయంత్రం బస్టాండు దగ్గర తేల్చుకుందామనే వరకు పోతుంది. పిల్లవాడు ఏడుస్తూ వచ్చి చెబితే, ‘నువ్వు మగపిల్లోడివి కాదా, తిరిగి రెండు తగిలించి రా’ అనే తండ్రి ఆ పాత నిప్పునే ఊదుతున్నాడు. నిప్పురవ్వ ఎంత చిన్నదైనా అడవిని కాల్చగలదని పునీత యాకోబుగారు నాలుకను గురించి వ్రాసినప్పుడు, బొటనవ్రేలితో మాట్లాడే కాలం ఒకటి వస్తుందని ఎవరు ఊహించారు?

ఆడపిల్ల విషయంలో మన ఇళ్ళలో జరుగుతున్నది ఇంకా దుఃఖకరం. ప్రొద్దుటూరులో హాస్టలులో ఉండి ఇంటర్మీడియేటు చదువుతున్న అమ్మాయి అనుకుందాం. ఎవడో ఆమె ముఖాన్ని మరొక చిత్రానికి అతికించి గ్రూపులో పెట్టాడు. ఊరికి కబురు వచ్చింది. మర్నాటికి ఏమవుతుంది? అమ్మాయి పెట్టె సర్దించి ఇంటికి తెస్తారు. చదువు ఆగిపోతుంది. ‘పరువు పోకముందే’ అంటూ సంబంధాలు చూడడం మొదలవుతుంది. ఆ పని చేసిన కుర్రవాడు మాత్రం మామూలుగా కాలేజీకి వెళ్ళి పరీక్ష వ్రాస్తాడు. శిక్ష ఎవరికి పడింది? ఆ ఇద్దరు న్యాయాధిపతులు ఇవ్వాలనుకున్న తీర్పునే, బిడ్డను ప్రాణంగా పెంచిన తల్లిదండ్రులు తమ చేతులతో అమలు చేయడం కాదా ఇది?

ఇప్పుడు మళ్ళీ అధ్యాయంలోకి రండి. సూసన్నను సభకు పిలిపించినప్పుడు ఆమె ఒంటరిగా రాలేదు. ఆమె తల్లిదండ్రులు వచ్చారు, బిడ్డలు వచ్చారు, బంధువులందరూ వచ్చారు. నింద ఇంకా తొలగలేదు. నిజం ఇంకా బయటపడలేదు. ఊరు మొత్తం ఎదుటిపక్షాన ఉన్నది. అయినా ఆ తల్లి, ఆ తండ్రి కూతురిని గదిలో పెట్టి తలుపు వేయలేదు. పదిమంది చూస్తుండగా ఆమె వెంట నడచి వచ్చి, ఏడుస్తూనైనా పక్కన నిలబడ్డారు. పరువు గల కుటుంబం అంటే ఏమిటో గ్రంథం ఇక్కడ చూపిస్తున్నది.

అసలు బిడ్డలు మనకెందుకు చెప్పడం లేదు? ఆత్మశోధన చేసుకొనవలసిన ప్రశ్న ఇది. చెబితే ముందుగా ఫోను లాక్కుంటారని వారి భయం. ‘నీకు ఆ ఫోను ఎందుకు, ఆ ఫోటో ఎందుకు పెట్టావు’ అని మొదటి తిట్టు తమకే పడుతుందని వారికి తెలుసు. 2020లో కరోనా వచ్చి బడులు మూసివేసినప్పుడు, పాఠాలకోసమని అప్పు చేసైనా ఫోను కొనిచ్చింది మనమే. మన కడప జిల్లాలో మరొక సంగతి కూడా ఉన్నది. అమ్మో నాన్నో కువైట్‌లో ఉంటే, అవ్వ దగ్గర పెరుగుతున్న బిడ్డలు ఎందరో. ఆ బిడ్డకు ఫోను ఆటవస్తువు కాదు, రాత్రిపూట అమ్మ ముఖం అందులోనే కనబడుతుంది. దానిని లాక్కుంటామనడం అమ్మను లాక్కుంటామన్నట్లే వినబడుతుంది. అందుకని ఆ బిడ్డ నోరు మూసుకొని భరిస్తుంది. కువైట్‌లో ఉన్న తల్లులారా, మీరు ఫోను చేసినప్పుడు అన్నం తిన్నావా, మార్కులెన్ని అని అడుగుతారు. నిన్నెవరైనా ఏడిపిస్తున్నారా అని కూడా వారానికొకసారి అడగండి. జవాబు రాకపోయినా అడగండి. అడిగే మనిషి ఉన్నదని తెలియడమే పెద్ద తోడు.

బిడ్డ చెప్పకపోయినా కొన్ని గుర్తులు కనబడతాయి. ఫోను మోగగానే ఉలికిపడడం, ఎవరైనా దగ్గరకు వస్తే తెరను బోర్లించడం, ఉన్నట్టుండి బడికి పోనని మొండికేయడం, తిండి నిద్ర తగ్గడం, ప్రాణస్నేహితురాలి పేరు ఎత్తకపోవడం. బ్రతకాలని లేదు అనే మాట ఒక్కసారి నోట వచ్చినా దానిని బెదిరింపుగానో నాటకంగానో తీసివేయకండి. ఆ రాత్రి బిడ్డను ఒంటరిగా వదలకండి. టెలీ మానస్ 14416 నంబరుకు ఫోను చేస్తే ఉచితంగా, తెలుగులో, ఏ వేళనైనా మాట్లాడతారు. పిల్లల సహాయానికి 1098, తక్షణ ప్రమాదంలో 112. ఈ మూడు నంబర్లను సిలువ చిత్రం కింద గోడమీద వ్రాసిపెట్టుకున్నా తప్పులేదు.

చట్టం సంగతి కూడా కొంత తెలుసుకోవాలి. ఏడిపించే సందేశాలు వచ్చినప్పుడు కోపంతో అన్నీ చెరిపివేయకండి. తేదీ, పంపినవారి ఖాతా పేరు కనబడేటట్లు స్క్రీన్‌షాట్ తీసి ఉంచి, ఆ తరువాత ఆ ఖాతాను బ్లాక్ చేయండి. అయితే అది పిల్లల అశ్లీల చిత్రమైతే, ఫిర్యాదు కోసమని కూడా కాపీలు తీసి బంధువులకు, సంఘపెద్దలకు పంపకూడదు. 18 ఏళ్ళ లోపు పిల్లల అటువంటి చిత్రాన్ని పంపడమే సమాచార సాంకేతిక చట్టం 67బి సెక్షను కింద నేరం. ఫోనును అలాగే పోలీసులకు చూపించండి. స్టేషనుకు పోవడానికి సంకోచిస్తే జాతీయ సైబర్ నేరాల పోర్టలులో పేరు చెప్పకుండానే ఇటువంటి చిత్రంపై ఫిర్యాదు చేయవచ్చు. ‘టేక్ ఇట్ డౌన్’ అనే ఉచిత సేవ ఒకటి 2023లో వచ్చింది. బిడ్డ చిత్రం ఫోను దాటి బయటకు పోకుండానే, దాని అంకెల గుర్తును మాత్రం తీసుకొని, ఇన్‌స్టాగ్రామ్, ఫేస్‌బుక్ వంటి చోట్ల ఆ చిత్రాన్ని అడ్డుకోవడానికి అది సహాయపడుతుంది. పోక్సో నేరం జరిగిందని తెలిసినవారు పోలీసులకు తెలియజేయకుండా దాచడం నేరమే. బాధపడిన బిడ్డ ఎవరో పత్రికలలోనో ఫోనులలోనో బయటపెట్టడం కూడా నేరమే. పెద్దమనుషుల పంచాయతీ పెట్టి డబ్బుతో సర్దుబాటు చేసే పాత పద్ధతికి ఇక్కడ చోటు లేదు.

కాలేజీలకు వెళ్ళే యువకులకు ఒక మాట. మన రాష్ట్రంలో ర్యాగింగును నిషేధిస్తూ 1997లోనే చట్టం వచ్చింది. సీనియర్లు వాట్సాప్ గ్రూపులు పెట్టి జూనియర్లను అందులో చేర్చి వేధించడం కూడా ర్యాగింగే అవుతుందని 2025లో యూజీసీ వారు కళాశాలలను హెచ్చరించారు. చేయి తగలలేదు గనుక ర్యాగింగు కాదనే వాదన చెల్లదు.

ఇంతకూ సూసన్న ఎలా బ్రతికింది? శిక్షకు తీసుకొని పోతుండగా దానియేలు అనే కుర్రవాడు గొంతెత్తి, ఈమె రక్తంలో నాకు పాలు లేదని అరిచాడు. జనం ఆగి వెనుదిరిగారు. అతడు ఆ ఇద్దరినీ వేరువేరుగా నిలిపి, ఏ చెట్టు కింద చూచారని అడిగాడు. ఒకడు ఒక చెట్టు పేరు చెప్పాడు, మరొకడు ఇంకొకటి. అబద్ధం అక్కడే పగిలింది. గమనించండి, దానియేలు పెద్ద అధికారి కాదు. వయసులో ఆ సభలో అందరికంటె చిన్నవాడై ఉంటాడు. అతడు చేసినవి రెండే పనులు. నేను ఇందులో చేరనన్నాడు. నిజమా కాదా అని అడిగాడు.

యువతీ యువకులారా, వందమంది ఉన్న గ్రూపులో ఒకరి మీద రాళ్ళు పడుతున్నప్పుడు, ‘ఇది బాగాలేదు, తీసివేయండి’ అని ఒక్కరు వ్రాస్తే ఆట చెడిపోతుంది. అంత ధైర్యం ఆ క్షణాన లేకపోతే, దెబ్బతిన్న స్నేహితునికి విడిగా ‘నేను నీ పక్కనున్నాను’ అని పంపండి. అదీ చిన్న సంగతి కాదు. 2025 సెప్టెంబరు 7న శ్రీసభ పునీతునిగా ప్రకటించిన కార్లో అకుటిస్ మీ వయసువాడే. 1991లో పుట్టి, రక్తక్యాన్సరుతో 2006లో, 15వ ఏట కన్నుమూశాడు. కంప్యూటరంటే ప్రాణం. దివ్యసత్ప్రసాద అద్భుతాలను గురించి వెబ్‌సైటు తయారుచేశాడు. అయినా వీడియో ఆటలకు వారానికి ఒక గంట మించి ఇవ్వకూడదని నియమం పెట్టుకున్నాడు. బడిలో తోటివారు గేలిచేసే పిల్లల పక్షాన, ముఖ్యంగా అంగవైకల్యం గల పిల్లల పక్షాన నిలిచేవాడని అతనిని ఎరిగినవారు చెప్పారు. పునీతుల పటాల మధ్య జీన్సు ప్యాంటు వేసుకున్న పిల్లవాడు కనబడితే అవ్వలు కొంచెం ఆశ్చర్యపోతున్నారు గాని, పిల్లలు మాత్రం వెంటనే గుర్తుపడుతున్నారు.

మన విచారణల్లో యువజన సంఘానికి, గానబృందానికి, సత్యోపదేశ తరగతులకు కూడా గ్రూపులున్నాయి. వాటిలో వచ్చే పరిహాసాలను ఎవరు చూస్తున్నారు? గ్రూపు పెట్టిన ఉపదేశి గాని, సిస్టరు గాని, యువజన నాయకుడు గాని, నాకు సంబంధం లేదనకూడదు. దివ్యబలిపూజలో పాట సరిగా పాడలేదని ఒక అమ్మాయిని ఆదివారం సాయంత్రం దాకా స్టిక్కర్లతో ఏడిపించే గ్రూపు గానబృందపుది ఎలా అవుతుంది?

చివరిగా, ఏడిపించిన పిల్లలను గురించి. వారూ మన బిడ్డలే. అదే బల్లమీద కూర్చొని అదే సత్ప్రసాదం స్వీకరిస్తున్నవారు. మీ అబ్బాయి ఇలా చేశాడని ఎవరైనా వచ్చి చెబితే, ‘మావాడు అలాంటివాడు కాదు’ అని తలుపు మూయకండి. అలాగని బెల్టు తీసి వీపు చీల్చకండి. ఇంట్లో పెద్దవాడు చిన్నవాడిని కొట్టి గెలవడం చూచిన పిల్లవాడు, ఫోనులో తనకంటె చిన్నవాడిని వెదుకుతాడు. కూర్చోబెట్టి, వాడు వ్రాసిన మాటలను వాడి నోటితోనే మీ ముందు చదివించండి. అంతకంటె పెద్ద శిక్ష అక్కరలేదు, చాలామంది మూడో మాట దగ్గరే ఆగిపోతారు.

పాపసంకీర్తనం చేసుకుంటే సరిపోతుందా అని కొందరు అడుగుతారు. సత్యానికి విరుద్ధంగా చేసిన పాపానికి క్షమాపణ పొందినా, జరిగిన నష్టాన్ని పూరించే బాధ్యత మిగిలే ఉంటుందని శ్రీసభ సత్యోపదేశం బోధిస్తున్నది. దొంగిలించిన సొమ్మును తిరిగి ఇవ్వవలసినట్లే, దొంగిలించిన పేరును కూడా తిరిగి ఇవ్వాలి. కనుక ఆ పిల్లవాడు తన ఫోనులోని చిత్రాన్ని చెరపాలి. తాను ఎవరెవరికి పంపాడో వారందరినీ చెరపమని ఒక్కొక్కరినీ అడగాలి. పాడుచేసిన బిడ్డ ఇంటికి తన తల్లిదండ్రులతో కలిసి వెళ్ళాలి, ఆ బిడ్డ చూడడానికి ఇష్టపడితేనే. నేను చెప్పినది అబద్ధం అనే మాటను మాత్రం, ఆ బిడ్డ పేరును మళ్ళీ వీధిలోకి లాగకుండా, ఏ గ్రూపులో అవమానం జరిగిందో ఆ గ్రూపులోనే, అదే వందమంది చదివేటట్లు వ్రాయాలి.